వరద రాకముందే ఎలా తెలుస్తుంది?

భద్రాచలంలో చినుకైనా పడదు. అయినా గోదావరికి వరద వస్తోందని ముందే చెప్పేస్తారు. ఎలాగో తెలుసా?

వరండా కడిగేటప్పుడు ఆ చివర బకెట్ నీళ్లు కుమ్మరిస్తే, ఈ చివరికి రావడానికి కాసేపు పడుతుంది కదా! నదీ అంతే. ఎగువన ప్రాణహిత, ఇంద్రావతి అనే ఉపనదులు తెచ్చి కలిపిన నీళ్లు భద్రాచలం చేరడానికి గంటల కొద్దీ సమయం పడుతుంది.

ఈలోగా పేరూరు లాంటి ఎగువ చోట్ల కేంద్ర జల సంఘం సిబ్బంది నీటి మట్టం కొలుస్తుంటారు. ఎంత వాన పడిందో, నేల ఎంత తడిసి ఉందో కూడా లెక్కలోకి వస్తాయి. బాగా నానిన నేల కొత్త నీటిని అంతగా పీల్చుకోదు, వాన నేరుగా నదిలోకే పరుగెడుతుంది. వీటన్నిటితో కంప్యూటర్ లెక్కకట్టి, ఎప్పటికి ఎంత మట్టం వస్తుందో అంచనా చెబుతుంది.

భద్రాచలంలో నీటి మట్టం 43 అడుగులకు చేరితే మొదటి ప్రమాద హెచ్చరిక, 48కి రెండోది, 53కి మూడోది.