మీకు తెలుసా? అవకలజం అంటే ఒక సాగదీత, ఒక మలుపు

ఇంటర్‌లో అవకలజం అనగానే బోర్డు మీద కనిపించేది వాలు: ఒక వక్రం, దాన్ని ఒక బిందువు దగ్గర తాకే స్పర్శరేఖ. సంకీర్ణ సంఖ్యల దగ్గరికి వచ్చేసరికి ఆ బొమ్మ మాయమవుతుంది. లోపలికి ఇచ్చే సంఖ్యకు రెండు అక్షాలు, బయటికొచ్చే సంఖ్యకు మరో రెండు. నాలుగు అక్షాల గ్రాఫ్ ఏ కాగితం మీద గీస్తాం? దాంతో సూత్రాలు మిగులుతాయి, చూపు పోతుంది. అలా పోవాల్సిన పనే లేదు.

రెండు కాగితాలు పక్కపక్కన పెట్టుకోండి. ఎడమ కాగితం మీది ప్రతి సంఖ్యనూ వర్గం చేసి కుడి కాగితం మీద గుర్తిస్తాం. ఎడమవైపు ‘ఐ’ (వర్గం −1 అయ్యే సంఖ్య) దగ్గర నిలబడితే కుడివైపు −1 దగ్గర ఉంటాం. ‘ఐ’ నుంచి తూర్పుకు 0.01 జరగండి. వర్గం చేస్తే −0.9999 + 0.02ఐ వస్తుంది. అంటే కుడి కాగితం మీద దాదాపు నిటారుగా ఉత్తరానికి 0.02 జరిగాం. మళ్లీ ‘ఐ’ దగ్గరికొచ్చి ఈసారి ఉత్తరానికి 0.01 జరగండి. వర్గం −1.0201. అంటే పడమరకు 0.0201.

తూర్పు ఉత్తరమైంది, ఉత్తరం పడమరైంది. ఎటు చిన్న అడుగు వేసినా ఎడమకు 90 డిగ్రీల మలుపు, పొడవు సుమారు రెట్టింపు. వర్గ ప్రమేయానికి అవకలజం ఆ సంఖ్యకు రెట్టింపు కదా, ‘ఐ’ దగ్గర అది 2ఐ. అందులోని 2 సాగదీత, ‘ఐ’ 90 డిగ్రీల మలుపు. బట్టీపట్టిన సూత్రం కళ్లముందు కదలడమంటే ఇదే!

ఈ సాగదీత, మలుపుల జంటకు ట్రిస్టన్ నీధమ్ 1997లో వచ్చిన తన ‘విజువల్ కాంప్లెక్స్ అనాలిసిస్’లో ‘యాంప్లిట్విస్ట్’ అని పేరు పెట్టాడు. గణితం చదివే పిల్లల చేతిలో పెట్టాల్సిన పుస్తకం అది.

సంయుగ్మం తీసుకునే, అంటే ‘ఐ’ ఉన్న భాగం గుర్తును మార్చే, ప్రమేయానికి అవకలజం ఎందుకు లేదో కూడా దీంతోనే తెలిసిపోతుంది. అది తలాన్ని అద్దంలోలా తిరగేస్తుంది: తూర్పు తూర్పుగానే ఉంటుంది, ఉత్తరం దక్షిణమవుతుంది. రెండింటికీ సరిపోయే ఒకే మలుపు ఎక్కడ దొరుకుతుంది?

అవకలజం సున్నా కానంతవరకు అన్ని దిక్కులూ ఒకేలా తిరుగుతాయి, కాబట్టి వాటి మధ్య కోణాలు చెక్కుచెదరవు. సున్నా అయితే? వర్గ ప్రమేయంలో మూలబిందువు దగ్గర చూడండి. తూర్పు అడుగు తూర్పుకే వెళ్తుంది, ఉత్తరపు అడుగు పడమరకు వెళ్తుంది. అక్కడ లంబకోణం విచ్చుకుని సరళరేఖ అయిపోతుంది.