గడీ లోపలి నుంచి తీసిన సినిమా: బి. నర్సింగరావు గారి ‘దాసి’

హైదరాబాద్ నుంచి సిద్దిపేట వెళ్లే రోడ్డు మీద ప్రజ్ఞాపూర్ వస్తుంది. బీటెక్ చదివిన నాలుగేళ్లూ బస్సులో ఆ ఊరు దాటుతూనే ఉన్నా. బి. నర్సింగరావు గారు 1946లో పుట్టింది అక్కడే అని మాత్రం చాలా లేటుగా తెలిసింది. వాళ్లది భూములున్న కుటుంబం. ఈ పాయింట్ గుర్తుపెట్టుకోండి, మళ్లీ వస్తా.

ఆయన సినిమాల్లోకి వచ్చింది నిర్మాతగా. 1979 నాటి ‘మాభూమి’, తెలంగాణ సాయుధ పోరాటం మీద. డైరెక్టర్ బెంగాల్‌కి చెందిన గౌతమ్ ఘోష్, మూలం కిషన్ చందర్ ఉర్దూ నవల. గద్దర్ తెర మీద పాడుతూ కనిపించేది అందులోనే. తర్వాత 1983లో ‘రంగుల కల’. డైరెక్షన్ ఆయనదే, చిత్రకారుడి పాత్రా ఆయనే వేశారు.

ఆ రోజుల్లో కమర్షియల్ సినిమాలో తెలంగాణ యాస ఎక్కువగా ఎవరికి పెట్టేవాళ్లు? రౌడీకో, కమెడియన్‌కో. నేను కాలేజీలో నోరు తెరిస్తే “సినిమా డైలాగ్ కొడుతున్నావేంట్రా” అని నవ్విన ఫ్రెండ్స్ ఉన్నారు. నర్సింగరావు గారి సినిమాల్లో ఆ భాష నవ్వించడానికి లేదు. ఆ మనుషుల కథ కాబట్టి ఆ భాష ఉంది, అంతే.

ఇప్పుడు అసలు విషయం, 1988 నాటి ‘దాసి’. నిజాం కాలం, 1920ల నాటి ఒక దొర గడీ. దొరసాని పెళ్లయి వస్తూ పుట్టింటి నుంచి కట్నంతో పాటు ఒక అమ్మాయిని తెచ్చుకుంటుంది. అలా వచ్చినవాళ్లని ‘ఆడబాప’ అనేవాళ్లు. ఈ అమ్మాయి కమలాక్షి. పగలంతా చాకిరీ, రాత్రి దొర పిలిస్తే వెళ్లాలి, ఇంటికొచ్చిన అతిథి అడిగినా వెళ్లాలి. చివరికి కడుపు వస్తే, అది ఉంచుకోవాలా వద్దా అనేది కూడా ఆమె చేతిలో ఉండదు.

మాటలు చాలా తక్కువ. ఫస్ట్ టైమ్ చూసినప్పుడు నిజంగా రెండుసార్లు పాజ్ చేశా, ఏమీ జరగట్లేదేంటి అని. తర్వాత అర్థమైంది: ఆమెకి మాట్లాడే హక్కే లేదు, ఇంక డైలాగులు ఎక్కడి నుంచి వస్తాయి? కొంతమంది అడుగుతారు, కమలాక్షి ఎందుకు తిరగబడదు అని. తిరగబడే సీన్ పెట్టి ఉంటే నేను విజిల్ వేసి, మర్నాటికి మర్చిపోయేవాణ్ణి.

ఇక్కడే ఆ ప్రజ్ఞాపూర్ పాయింట్. గడీని బయట నిలబడి తిట్టడం ఈజీ. అదే వర్గం ఇంట్లో పుట్టినవాడు కెమెరాని లోపల, పనిమనిషి పక్కన పెట్టడం వేరు. అందుకే ఇందులో దొరసాని కూడా ఉత్త విలన్‌లా ఉండదు. ఆమెకీ ఆ గోడలు దాటే దారి లేదు. కాకపోతే ఆమె కోపం దిగేది కమలాక్షి మీదే.

‘దాసి’కి 5 జాతీయ అవార్డులు వచ్చాయి. ఉత్తమ తెలుగు చిత్రం, నటి అర్చన, కెమెరా ఎ.కె. బీర్, కళ టి. వైకుంఠం, దుస్తులు సుదర్శన్. తెలంగాణ ఆడవాళ్ల బొమ్మలు వేసే వైకుంఠం గారే, అవును.

1990లో ‘మట్టి మనుషులు’ తీశారు, ఊరొదిలి హైదరాబాద్‌కి బిల్డింగ్ పనులకొచ్చిన కూలీల మీద. నేను ఉద్యోగం చేసిన అద్దాల బిల్డింగ్ పక్కనే ఇంకోటి కడుతుండేవాళ్లు. రేకుల షెడ్లలో ఉండేవాళ్లని మూడేళ్లు రోజూ చూశా, ఒక్కరి పేరూ అడగలేదు. నెక్స్ట్ ఎపిసోడ్ ఆ సినిమా మీదే.