పలుకుబడి – ప్రమాణభాష

తెలుగులో 'పలుకుబడి' అనే మాటకు రెండు అర్థాలు ఉన్నాయి. మాట్లాడే తీరు మొదటిది. నలుగురిలో చెల్లుబాటు అయ్యే పెద్దరికం రెండవది. భాషల చరిత్రను పరిశీలిస్తే ఈ రెండింటికీ గల సంబంధం తెలుస్తుంది. సమాజంలో ఎవరికి పెద్దరికం ఉంటుందో వారి మాటతీరే కాలక్రమంలో 'మంచి భాష' అనిపించుకొంటుంది.

ఒకే భాషను మాట్లాడేవారందరూ ఒకే విధంగా మాట్లాడరు. ప్రాంతాన్ని బట్టి, వృత్తిని బట్టి, చదువును బట్టి మాట మారుతుంది. ఇట్టి భేదాలను మాండలికాలు అంటారు. పరిపాలనలో, విద్యలో, పత్రికలలో అన్ని ప్రాంతాల వారికీ అర్థమయ్యేటట్లు వాడే రూపాన్ని ప్రమాణభాష అంటారు. ప్రమాణభాష కూడ మొదట ఒక ప్రాంతపు మాండలికమే అన్న సంగతిని మనం తరచుగా మరచిపోతాము.

ఇంగ్లీషునే ఉదాహరణగా తీసుకొందాము. ఇంగ్లండులో మొదటి అచ్చుకూటాన్ని 1476లో విలియం కాక్‌స్టన్ నెలకొల్పాడు. 1490లో ప్రచురించిన ఒక గ్రంథం పీఠికలో ఆయన ఒక ముచ్చట చెప్పాడు. గాలి అనుకూలించక ఓడ నిలిచిపోగా కొందరు వర్తకులు ఒడ్డుకు వచ్చారు. వారిలో ఒకడు ఒక ఇల్లాలిని 'ఎగ్స్' కావాలని అడిగాడు. ఆమె తనకు ఫ్రెంచి రాదన్నది. అతనికి కోపం వచ్చింది, అతనికీ ఫ్రెంచి రాదు! మరొకడు 'ఐరెన్' అని అడిగిన తరువాతనే అవి కోడిగుడ్లని ఆమెకు బోధపడింది. ఈ రెండు మాటలలో ఏది అచ్చు వేయాలన్నది కాక్‌స్టన్ సమస్య. రాజధాని, కచేరీలు, అచ్చుకూటాలు లండను పరిసరాలలో ఉండటం వలన అక్కడి భాష క్రమంగా ప్రమాణమైంది. మిగిలినవి 'మోటు' మాటలయ్యాయి.

మోటు అన్నంత మాత్రాన వ్యాకరణం లేదని కాదు. ఒకే వాక్యంలో రెండు వ్యతిరేకార్థక పదాలు వాడటం నేటి ప్రమాణ ఇంగ్లీషులో తప్పు. పద్నాలుగవ శతాబ్దపు మహాకవి చాసర్ కవిత్వంలో అది సహజ ప్రయోగం. తెలుగులో 'నీవు', 'మీరు' అన్న భేదం ఉన్నది. ప్రమాణ ఇంగ్లీషులో ఏకవచనానికీ, బహువచనానికీ 'యు' ఒక్కటే. ఆ లోటును 'యూజ్', 'యాల్' వంటి ప్రాంతీయ రూపాలు తీరుస్తున్నాయి. అమెరికాలోని నల్లజాతి పిల్లల ఇంగ్లీషు కూడ నియమబద్ధమైనదేనని, తర్కానికి లోటులేనిదని విలియం లబోవ్ అనే భాషాశాస్త్రవేత్త 1969లో నిరూపించాడు. పిల్లల ఇంటిభాషను గుర్తించకుండ చదువు చెప్పటం సరికాదని 1979లో ఆన్ ఆర్బర్ నగరానికి సంబంధించిన వ్యాజ్యంలో న్యాయస్థానం తీర్పు ఇచ్చింది. ఉపాధ్యాయులకు ఈ విషయంలో అవగాహన కల్పించవలసిందని ఆదేశించింది.

ఇక మన భాష సంగతి. ఒకప్పుడు తెలుగులో గ్రాంథికమే ప్రమాణం. పిల్లలు మాట్లాడే భాష ఒకటి, రాయవలసిన భాష మరొకటి. గిడుగు రామమూర్తి పంతులు (1863–1940) ఈ అంతరాన్ని ప్రశ్నించారు. సవరలకు చదువు చెప్పటానికి ముందుగా వారి భాషను తాము నేర్చుకొన్న మహనీయుడాయన. గురజాడ అప్పారావు 1914లో మద్రాసు విశ్వవిద్యాలయానికి అసమ్మతి పత్రం సమర్పించారు. వారి కృషి ఫలితంగా వ్యావహారికం పాఠశాలలోకి వచ్చింది. గిడుగు వారి జన్మదినమైన ఆగస్టు 29ని తెలుగు భాషా దినోత్సవంగా జరుపుకొంటున్నాము.

అయితే, ఎవరి వ్యావహారికం ప్రమాణం కావాలి? కృష్ణా, గుంటూరు, గోదావరి జిల్లాల శిష్టజనుల భాషకు ఆ స్థానం దక్కింది. దీనికి కారణం ఆ భాషలోని తియ్యదనం కాదు, నీరు. 1855 నాటికి బెజవాడ వద్ద ఆనకట్ట పూర్తయింది. కాలువల వెంట పంట వచ్చింది. పంట వెంట చదువు, దాని వెంట అచ్చుకూటాలు, పత్రికలు వచ్చాయి. 1948లో విజయవాడలో ఆకాశవాణి కేంద్రం వెలసింది.

అదే కృష్ణా జిల్లాలో జి.కొండూరు, నందిగామ, జగ్గయ్యపేట మెట్ట ప్రాంతాలు. 2022 నుండి ఇవి ఎన్.టి.ఆర్. జిల్లాలో ఉన్నాయి. ఆనకట్ట కాలువల నీరు ఈ మెట్టకు ఎక్కలేదు. ప్రమాణభాషకు పుట్టిల్లని పేరుపడిన జిల్లాలో ఉండి కూడ ఈ మెట్ట రైతుకు పత్రికలలోని తెలుగు పూర్తిగా తన ఇంటి తెలుగు కాదు. ఇక్కడినుండి మధిర వైపు, కోదాడ వైపు సాగేకొద్దీ 'వచ్చాడు' అన్నది 'వచ్చిండు' అవుతుంది. ఈ మార్పు గీత గీసినట్లు ఒక్కచోట జరగదు. సంతలు, తిరునాళ్ళు, వియ్యాలు ఉన్నచోట మాటలు కలిసిపోతాయి. 'వచ్చిండు' అన్నవాడిని చూసి నవ్వేవారు 'అతండు', 'రాముండు' అన్న కావ్యభాషా రూపాలను గుర్తుచేసుకోవాలి. రాయలసీమ వారి 'వస్తిమి' కావ్యాలలోని 'వచ్చితిమి'కి దగ్గరి చుట్టం.

మాండలికాల సంపదను శాస్త్రీయంగా సేకరించినవారు ఆచార్య భద్రిరాజు కృష్ణమూర్తి. ఆయన సంపాదకత్వంలో ఆంధ్రప్రదేశ్ సాహిత్య అకాడమీ 1962లో వ్యవసాయ పదాల కోశాన్ని ప్రచురించింది. రైతుల నోట విన్న మాటల ఆధారంగా తెలుగునేలను కళింగాంధ్ర, మధ్య కోస్తా, రాయలసీమ, తెలంగాణ అనే నాలుగు భాషామండలాలుగా గుర్తించారు. ఈ నాలుగూ తెలుగే. ఒకటి తల్లి, తక్కినవి సవతులు కావు.

ఒక ప్రాంతపు యాసను చలనచిత్రాలలో హాస్యానికీ, దుష్టపాత్రలకూ పరిమితం చేసినందువలన కలిగిన గాయం చిన్నది కాదు. తెలంగాణ రాష్ట్రం 2014లో ఏర్పడిన తరువాత కాళోజీ నారాయణరావు జన్మదినమైన సెప్టెంబరు 9ని తెలంగాణ భాషా దినోత్సవంగా జరుపుకోవటంలో ఆత్మగౌరవ భావన ఉన్నది.

ప్రమాణభాష అక్కరలేదని దీని అర్థం కాదు. శ్రీకాకుళం విద్యార్థి రాసినది అనంతపురం విద్యార్థికి అర్థం కావాలంటే ఉమ్మడి రూపం ఒకటి ఉండవలసినదే. అది రచ్చబండ వంటిది. అక్కడ అందరూ కలుస్తారు. కాని ఎవరూ రచ్చబండ మీద కాపురం ఉండరు. పల్లెనుండి పట్టణపు కళాశాలకు వచ్చిన విద్యార్థి తన మాట విని తోటివారు నవ్వుతారేమో అన్న జంకుతో నోరు మెదపకపోతే, నష్టపోయేది ఆ విద్యార్థి ఒక్కడే కాదు. అతనితోపాటు తరగతి గదిలోకి రావలసిన కొన్ని మాటలు, వాటి వెనుక ఉన్న అనుభవం గుమ్మం బయటనే ఆగిపోతాయి. పరీక్షలో ప్రమాణభాష రాయటం నేర్చుకోవాలి. అమ్మతో అమ్మ మాటలోనే మాట్లాడాలి. ఎదుటివాడి పలుకును గౌరవించటమే భాష తెలిసినవారి లక్షణం.