మైదానంలో నాయకుడు, తెరపై ప్రతినాయకుడు: ఐ.ఎం. విజయన్ రెండు ప్రస్థానాలు

2003లో హైదరాబాద్ ఆతిథ్యమిచ్చిన ఆఫ్రో-ఆసియా క్రీడల్లో భారత ఫుట్‌బాల్ జట్టు రజత పతకం సాధించింది. ఆ పోటీల్లో నాలుగు గోల్స్ చేసిన ఐ.ఎం. విజయన్ అక్కడితోనే అంతర్జాతీయ ఫుట్‌బాల్‌కు వీడ్కోలు పలికారు. తర్వాత తెలుగు ప్రేక్షకులు ఆయనను చూసింది వెండితెరపైనే. విశాల్ కథానాయకుడిగా 2006లో వచ్చిన తమిళ చిత్రం ‘తిమిరు’ తెలుగు అనువాదం ‘పొగరు’లో ఆయన ప్రతినాయక పక్షాన కనిపించారు. ఆ నటుడు భారత జట్టు మాజీ సారథి అన్న సంగతి చాలామందికి తట్టి ఉండదు.

సోడా సీసాల నుంచి సారథ్యం దాకా

విజయన్ 1969 ఏప్రిల్ 25న కేరళలోని త్రిసూర్‌లో నిరుపేద కుటుంబంలో జన్మించారు. బాల్యంలో ఆ ఊరి మునిసిపల్ స్టేడియంలో మ్యాచ్‌లు జరిగే రోజుల్లో సోడా సీసాలు అమ్మారు. ఒక్కో సీసాకు ఆయనకు దక్కింది 10 పైసలు. అదే మైదానంలో ఆయన ఆట చూసిన కేరళ పోలీసు శాఖ, పదిహేడేళ్ల వయసులో తమ జట్టులోకి తీసుకుంది. క్లబ్బుల వేతనాలు నమ్మదగినవి కాని ఆ రోజుల్లో ప్రభుత్వోద్యోగమే క్రీడాకారుడి జీవికకు ఆధారం.

కేరళ పోలీసు జట్టు 1990, 1991లలో వరుసగా ఫెడరేషన్ కప్ గెలిచింది. అనంతరం విజయన్ మోహన్ బగాన్, జేసీటీ, ఎఫ్‌సీ కొచ్చిన్, ఈస్ట్ బెంగాల్ జట్లకు ఆడారు. ఒకటికి మించిన సార్లు దేశంలో ఉత్తమ ఫుట్‌బాలర్‌గా ఎంపికయ్యారు. 1999లో కాఠ్మాండూ దక్షిణాసియా క్రీడల్లో భూటాన్‌పై 12వ సెకనులోనే గోల్ చేశారు. 2003లో అర్జున అవార్డు అందుకున్నారు.

తెరపైకి తొలి అడుగు

ఆట నుంచి విరమించాక అవకాశాలు వెతుక్కుంటూ ఆయన సినిమాల్లోకి రాలేదు. ఇంకా ఆడుతున్న రోజుల్లోనే దర్శకుడు జయరాజ్ మలయాళ చిత్రం ‘శాంతం’లో ప్రధాన పాత్ర ఇచ్చారు. రాజకీయ కక్షల్లో చిన్ననాటి మిత్రుణ్నే చంపి, పశ్చాత్తాపంతో కుమిలిపోయే యువకుడి పాత్ర అది. ఆ చిత్రం జాతీయ ఉత్తమ చిత్రంగా స్వర్ణ కమలం గెలుచుకుంది.

అయితే తదుపరి అవకాశాలు ఆ స్థాయిలో రాలేదు. తమిళ చిత్రాల్లో ఆయనకు ఎక్కువగా దక్కినవి రౌడీ పాత్రలే. ఫుట్‌బాల్ నేపథ్యంతో 2019లో వచ్చిన ‘బిగిల్’లోనూ (తెలుగులో ‘విజిల్’) ఆయనది ఆటగాడి పాత్ర కాదు.

తేడా ఎక్కడుంది?

ఐరోపాలోనూ ఫుట్‌బాలర్లు నటులైన సందర్భాలున్నాయి. మైదానంలో మొరటు ఆటకు పేరుపడ్డ విన్నీ జోన్స్‌కు సినిమాల్లోనూ ముఠా మనిషి పాత్రలే వచ్చాయి. ఎరిక్ కాంటోనా 2009లో ‘లుకింగ్ ఫర్ ఎరిక్’లో తన పాత్రనే తాను పోషించారు. అంటే అక్కడ క్రీడాకారుడి కీర్తే నటుడికి పెట్టుబడి అయింది.

విజయన్ విషయంలో ఆ కీర్తి రాష్ట్రాల సరిహద్దులు దాటలేకపోయింది. బెంగాల్ అభిమానులు ఆయనను ‘కాలో హరిణ్’ అని పిలుచుకున్నారు. ‘కృష్ణ హరిణం’ అంటే తెలుగువారికీ అర్థమయ్యే మాటే అది. ఆ పిలుపులో లేడి వేగం ఉంది. తమిళ సినిమా మాత్రం ఆ వేగాన్ని పక్కనబెట్టి, దేహదారుఢ్యాన్నీ ముఖకవళికల్నీ వాడుకుంది. జాతీయ ఫుట్‌బాల్ లీగ్ మొదలైందే 1996లో. ఆయన ఉత్తమ ఆటలో అధిక భాగం స్టేడియంలో కూర్చున్నవారి జ్ఞాపకాల్లోనే మిగిలింది. సినిమాలు మాత్రం టీవీల్లో మళ్లీ మళ్లీ వస్తూనే ఉన్నాయి.

2025లో కేంద్ర ప్రభుత్వం ఆయనకు పద్మశ్రీ ప్రకటించింది. అదే ఏడాది ఆయన కేరళ పోలీసు శాఖ నుంచి పదవీ విరమణ చేశారు. పురస్కారం ఆలస్యంగా వచ్చినా, అది దక్కింది తెరమీది ప్రతినాయకుడికి కాదు, మైదానంలోని నాయకుడికి.