రెండు రైళ్లు ఎక్కడ ఎదురుపడును?

కూడికలు, భాగహారములు తడబాటు లేక చేయగల బాలుడు సైతము, ‘రెండు రైళ్లు ఎదురెదురుగా బయలుదేరినవి’ అను వాక్యము కంటబడినంతనే కలవరపడి, ప్రశ్నలోనున్న అంకెలను దొరికినవానిని దొరికినట్లు గుణించుటకో భాగించుటకో పూనుకొనును. దూరమును కాలముచే భాగించిన వేగమును, వేగముచే భాగించిన కాలమును లభించునను సూత్రములు వానికి కంఠస్థములే. అయినను, కథలోని బండ్లకు రెంటికిని ఉమ్మడియైనది యేదో నిదానించి కనుగొనువరకు ఆ సూత్రములు నిరుపయోగములు. ఆ ఉమ్మడి వస్తువు చాల తఱచుగా కాలమే.

విజయవాడకును విశాఖపట్టణమునకును రైలుమార్గమున దూరము సుమారు 350 కిలోమీటర్లు. ఉదయము 6 గంటలకు విజయవాడనుండి గంటకు 60 కిలోమీటర్ల వేగముతో ప్రయాణికుల బండియు, అదే క్షణమున విశాఖనుండి 40 కిలోమీటర్ల వేగముతో గూడ్సుబండియు బయలుదేరి, నడుమ నెచ్చటను ఆగలేదనుకొందము. పాఠ్యపుస్తకములలోని బండ్లకు సిగ్నలు బాధ లేదు గదా! ఏ బండి యెంత దూరము వచ్చినదను విచారమును తాత్కాలికముగా విడిచి, వాని నడిమి యెడము గంటగంటకు నెంత తరుగుచున్నదో చూడవలెను. ఒకవైపునుండి 60, మరియొక వైపునుండి 40 తరుగగా, గంటకు 100 కిలోమీటర్లు తగ్గును. కావున 350 కిలోమీటర్ల యెడము మూడున్నర గంటలలో తీరిపోయి, 9-30కి బండ్లు ఎదురుపడును. అప్పటికి విజయవాడ బండి 210 కిలోమీటర్లు వచ్చియుండును గనుక, సామర్లకోట దాటి, పిఠాపుర పరిసరములలో నెచ్చటనో గార్డులిరువురు పచ్చజెండాలు చూపుకొందురు.

గూడ్సుబండి వెనుకనే రెండు గంటలు ఆలస్యముగా ప్రయాణికుల బండి అదే దిక్కున బయలుదేరినచో, 80 కిలోమీటర్ల యెడము గంటకు 20 చొప్పున మాత్రమే తరుగును. అందుకొనుటకు నాలుగు గంటలు పట్టును.

ఈ యుపాయము రైలుబండితో పుట్టినది కాదు. క్రీ.శ. 499 ప్రాంతమున వెలసిన ఆర్యభటీయమందలి గణితపాదమున, ఎదురెదురుగా చరించువాని నడిమి దూరమును గతుల మొత్తముచేతను, ఒకే దిక్కున చరించువాని దూరమును గతుల భేదముచేతను భాగింపవలెనని చెప్పబడినది. ఆర్యభటుని దృష్టి గ్రహములపై నుండెను. 9వ శతాబ్దిలో మహావీరాచార్యుడు తన గణితసారసంగ్రహమున బాటసారుల కలయికను గూర్చి లెక్కలు కూర్చెను. ఆ గ్రంథమునే 11వ శతాబ్దిలో పావులూరి మల్లన తెనుగు పద్యములలోనికి దెచ్చెను. తెనుగువాడు లెక్కను పద్యముగా వల్లించిన కాలమొకటి యుండెనన్నమాట!

పెద్దలను సైతము బోల్తాకొట్టించునది సగటు వేగము. నిలకడ నీటిలో గంటకు 8 కిలోమీటర్లు పోగల పడవ, గంటకు 2 కిలోమీటర్లు పారు ఏటిలో 30 కిలోమీటర్లు వాలుకు పోయి, మరల ఎదురెక్కి రేవు చేరినదనుకొందము. వాలున వేగము 10, ఎదురున 6. రెంటి సగటు 8 గనుక ప్రవాహమువలన పడవవానికి లాభమును లేదు, నష్టమును లేదని తోచును. కాని వాలుకు పట్టినది 3 గంటలు, ఎదురెక్కుటకు పట్టినది 5 గంటలు. మొత్తము 60 కిలోమీటర్లకు 8 గంటలు పట్టగా సగటు ఏడున్నరయే యైనది. తక్కువ వేగముతో నెక్కువసేపు గడుపవలసి వచ్చుటచే, వాలున చేకూరిన లాభము ఎదురున కలిగిన నష్టమును పూడ్చజాలదు. దూరములను కూడవచ్చును, కాలములను కూడవచ్చును. వేగములను మాత్రము కూడి రెంట భాగించుట, ఆ రెండు వేగములతోను సమానకాలము నడచినప్పుడే చెల్లును.

ఇక వంతెన లెక్క. రాజమహేంద్రవరమువద్ద గోదావరిపై నున్న విల్లుకమానుల రైలువంతెన పొడవును, లెక్కకు అనువుగా, 2,700 మీటర్లనుకొందము. 300 మీటర్ల పొడవుగల బండి గంటకు 36 కిలోమీటర్ల వేగముతో దానిపై పోవుచున్నది. ముందుగా వేగమును మీటర్లలోనికి మార్చవలెను: గంటకు 36,000 మీటర్లు, గంటకు 3,600 సెకండ్లు, అనగా సెకండుకు 10 మీటర్లు. 2,700ను పదిచే భాగించి 270 సెకండ్లని వ్రాసినవాడు ఇంజను సంగతి మాత్రమే చెప్పినాడు. ఇంజను ఆవలిగట్టు తాకునప్పటికి కడపటి పెట్టె ఇంకను నీటిపైననే యున్నది. అదియు దాటుటకు మరి 300 మీటర్లు సాగవలెను. మొత్తము 3,000 మీటర్లు, 300 సెకండ్లు, సరిగా 5 నిమిషములు. కిటికీ ప్రక్కన కూర్చున్న ప్రయాణికునికి మాత్రము నాలుగున్నర నిమిషములే గోదావరి దర్శనము. తన పెట్టె వంతెన యెక్కినదాదిగా దిగువరకు నడచిన దూరము వానికి 2,700 మీటర్లే గదా.