మీ పాస్‌వర్డ్ నాకు తెలియకూడదు

కాలేజీ ప్రవేశాల వెబ్‌సైటులో లాగిన్ పని చూసుకోవడం నా ఉద్యోగం. ఇంటర్ ఫలితాలు వచ్చాయంటే తల్లిదండ్రుల ఫోన్లు మొదలవుతాయి. “మేడమ్, మా అమ్మాయి పాస్‌వర్డ్ మర్చిపోయింది. మీ కంప్యూటర్లో ఉంటుంది కదా, కాస్త చూసి చెప్పండి.” నాకూ కనబడదండీ అంటే కొందరు నమ్మరు. నిజంగానే కనబడదు. పిల్లల పాస్‌వర్డ్ సిబ్బందికి కనబడే వెబ్‌సైటు ఏదైనా ఉంటే, అందులో వివరాలు పెట్టమని నేను ఎవరికీ చెప్పను.

ఖాతా తెరిచేటప్పుడు మీరు కొట్టిన పాస్‌వర్డ్‌ని మా సర్వర్ దాచుకోదు. దాన్ని ఒక లెక్కలో వేసి, అర్థంలేని పొడవాటి అక్షరాల వరసగా మార్చి, ఆ వరసనే దాస్తుంది. దాని పేరు హ్యాష్. బియ్యం పిండి ఆడించాక మళ్ళీ గింజలు రావు. హ్యాష్ నుంచి పాస్‌వర్డూ అంతే. మరుసటిసారి మీరు లాగిన్ అయినప్పుడు, అప్పుడు కొట్టినదాన్నీ అదే లెక్కలో వేస్తుంది. రెండు వరసలూ ఒకటైతే లోపలికి రానిస్తుంది.

ఈ జాగ్రత్త మొదట్లో లేదు. 1960ల మొదట్లో అమెరికాలోని ఎం.ఐ.టి.లో ఫెర్నాండో కోర్బాటో బృందం ఒకే కంప్యూటర్ని చాలామంది పంచుకునే ఏర్పాటు చేసింది. ఎవరి ఫైళ్ళు వాళ్ళకే ఉండాలని పాస్‌వర్డ్‌లు పెట్టారు. అవన్నీ ఒక ఫైల్లో ఉన్నవి ఉన్నట్టే ఉండేవి. 1962లో అలన్ షెర్ అనే పరిశోధక విద్యార్థి, తనకు కేటాయించిన సమయం చాలక, ఆ ఫైలుని ప్రింటు తీయించుకుని ఇతరుల పేరుతో పని చేసుకున్నాడు. హ్యాష్‌కి తోడు ప్రతి ఒక్కరి పాస్‌వర్డ్‌కీ ‘సాల్ట్’ అనే వేరువేరు అదనపు ముక్క కలపాలని రాబర్ట్ మోరిస్, కెన్ థాంప్సన్ 1979లోనే రాశారు. సాల్ట్ ఉంటే, ఇద్దరు ఒకే పాస్‌వర్డ్ పెట్టుకున్నా హ్యాష్‌లు వేరుగా ఉంటాయి. దొంగ ఊహించి చూసి ఒకటి కనిపెట్టినంత మాత్రాన రెండోది దొరకదు.

వాళ్ళు అలా రాసిన ముప్ఫై ఏళ్ళకు, 2009లో, రాక్‌యూ అనే అమెరికన్ కంపెనీ నుంచి 3.2 కోట్ల పాస్‌వర్డ్‌లు బయటికి పొక్కాయి. హ్యాష్ లేదు, ఏమీ లేదు, ఉన్నవి ఉన్నట్టే! వాటిలో ఎక్కువమంది పెట్టుకున్నది 123456. జనం అజాగ్రత్తను తిట్టేవాళ్ళు చాలామంది ఉన్నారు. నా దృష్టిలో పెద్ద తప్పు దాచినవాళ్ళది.

పాస్‌వర్డ్ నియమాల గురించి ఒక్క మాట. నెలనెలా మార్చమని బలవంతపెట్టవద్దని అమెరికా ప్రమాణాల సంస్థ నిస్ట్ 2017లోనే చెప్పింది. మార్పిస్తే జనం చివరి అంకె మాత్రమే మారుస్తారు. పొడవు ముఖ్యం. పొంతన లేని నాలుగు తెలుగు మాటల్ని ఇంగ్లీషు అక్షరాల్లో వరసగా కొట్టుకోమని పిల్లలకు చెబుతుంటాను.

ఇంత చేసినా, అసలు ప్రమాదం నాకు కనబడేది మరో చోట: రిజిస్ట్రేషన్ ఫారంలో మొబైల్ నంబరు పెట్టె దగ్గర. పాస్‌వర్డ్ మర్చిపోతే ఓటీపీ ఆ నంబరుకే వెళుతుంది. ఓటీపీ అందినవాళ్ళు కొత్త పాస్‌వర్డ్ పెట్టుకోగలరు. అంటే ఆ ఫోను ఎవరి చేతిలో ఉంటే ఖాతా వాళ్ళదే. మన ఊళ్ళలో దరఖాస్తులు చాలావరకు నెట్ సెంటర్లలోనే నింపుతారు. క్యూ ఆగకూడదని అక్కడి అబ్బాయి తన నంబరే కొట్టేస్తాడు. చెడ్డ ఉద్దేశం ఏమీ ఉండదు. కానీ ఒక్క ఫోను చేతిలో ఎందరో పిల్లల చదువుల ఎంపిక ఉండిపోతుంది. ఆ నంబరు రద్దయితే, 90 రోజులు గడిచాక మరెవరికైనా కేటాయించవచ్చు.

అందుకే మా ఫారంలో కొన్ని మార్పులకు పట్టుబట్టాను. ఒక నంబరుకు ఒకే ఖాతా అనే నిబంధన తీయించాను. ఇంట్లో ఒకే ఫోను ఉంటే రెండో బిడ్డ సెంటరు నంబరు పెట్టుకోక ఎక్కడికి పోతుంది? అమ్మ నంబరు మీద అక్కాతమ్ముళ్ళిద్దరూ ఖాతాలు తెరవచ్చు. పాస్‌వర్డ్ మర్చిపోయామని నంబరు కొడితే, “ఈ నంబరుతో ఖాతా ఉంటే ఓటీపీ వస్తుంది” అని మాత్రమే మా తెర చెబుతుంది. ఉందో లేదో తేల్చి చెప్పరేమని విసుక్కుంటారు. తేల్చి చెబితే, సీట్లు నింపే ఏజెంటు వరసగా నంబర్లు కొడుతూ ఎవరు దరఖాస్తు పెట్టారో తెలుసుకుంటాడు.

నెట్ సెంటర్లో పని అయ్యాక లాగౌట్ నొక్కండి. బ్రౌజర్ మూసేస్తే సరిపోదు, మీ లాగిన్ ఆ కంప్యూటర్లో ఇంకా బతికే ఉండవచ్చు. సెంటరు నంబరుతో ఖాతా తెరిచి ఉంటే, ఆ అబ్బాయి దగ్గరికి వెళ్ళి ఓటీపీ అడిగి మీ నంబరు పెట్టించుకోండి. ఇది కోర్సుల ఎంపిక మొదలయ్యేలోపే జరగాలి. ఒకరి ఎంపికలు మరొకరు మార్చకుండా, ఆ రోజు నుంచి నంబరు మార్పుని మేం ఆపేస్తాం.