ఖాళీ ప్లాట్ల వెంపలి: జేసీబీ రాకముందే గింజ పట్టుకోండి

పైన వీడియోలో నా వెనక కనిపించేది ఉప్పల్ భగాయత్. భగాయత్ అంటేనే తోటల నేల. ఇప్పుడది మూసీ పక్కన లేఅవుట్. 2019లో హెచ్‌ఎండీఏ ఇక్కడ ప్లాట్లు వేలం వేసింది. ఇంకా ఇల్లు లేవని ప్లాట్లలో మోకాలెత్తు మొక్కలు, ఊదా రంగు పూలతో కనిపిస్తున్నయి కదా, అదే వెంపలి. నాచారం వైపు పోతే షెడ్ల మధ్య ఖాళీ జాగాల్లోనూ ఉంది. అందరూ పిచ్చి మొక్క అంటరు. నేను మాత్రం దీని గింజ కోసమే సంచి పట్టుకొని వచ్చిన.

ఎందుకంటే వెంపలి చిక్కుడు, పెసర కుటుంబం మొక్క. థార్ ఎడారి ఇసుకలో కూడా బతుకుతుంది. వేరు లోతుకు పోతుంది, ఆ వేరు బుడిపెల్లో ఉండే బ్యాక్టీరియా గాలిలోని నత్రజనిని పట్టి ఇస్తుంది. పెసర, బొబ్బెర వేర్లకు పట్టే రకమే దీనికీ పడుతుంది. ఒక మొక్క పీకి బుడిపెను గోటితో చీల్చండి. లోపల గులాబీ రంగు ఉంటే పని జరుగుతున్నట్టే.

గుర్తు పట్టేదెట్ల?

నీలి మొక్కతో పొరపాటు పడకండి. వెంపలి చిన్నాకును రెండు కొసలా పట్టి లాగితే అడ్డంగా తెగదు, ఈనెల వెంట బాణం తోకలా తెగుతుంది. సంస్కృతంలో శరపుంఖ అనే పేరు దానివల్లనే. కాయ బల్లపరుపుగా ఉండి, కొస కొద్దిగా పైకి వంగుతుంది. నీలి కాయ గుండ్రటి పుల్లలా ఉంటుంది.

నేను చేసిన తప్పు

మొదటి ఏడాది ఘట్‌కేసర్ అవతల మా ఎర్ర చెలకలో కొన్న గింజలు చల్లిన. తొలకరి మంచిగనే పడ్డది. పదిహేను రోజులైనా పట్టుమని పది మొక్కల్లేవు. అమ్మినాయనకు ఫోన్ చేసి గట్టిగనే మాట్లాడిన. తర్వాత మిగిలిన గింజలు రాత్రంతా నానబెడితే తెల్లారేసరికి చాలామటుకు రాళ్ల లెక్కనే ఉన్నయి. గింజ మీద గట్టి పొర ఉంది, నీళ్లు లోపలికే పోలేదు. డిప్లొమాలో చదివిన పాఠమే, చేను కాడికొచ్చేసరికి మర్చిపోయిన. ఆయనకు మళ్లీ ఫోన్ చేసి, తప్పు నాదే అన్నా అని చెప్పిన. కానీ సీజన్ అయితే పోయింది.

ఇప్పుడు చేసేది ఇది: గరుకు ఇసుక కలిపి, గోనెపట్టా మీద గింజ మెరుపు పోయేదాకా రుద్దుతాం. లేదంటే 55 డిగ్రీల వేడి నీళ్లలో రెండు మూడు నిమిషాలు ఉంచి, వెంటనే చల్లనీళ్లలో వేయాలి. మసిలే నీళ్లు పోయొద్దు, గింజ ఉడికిపోతుంది. ఎకరాకు 6 నుంచి 8 కిలోలు సరిపోతయి.

జనుముతో పోల్చొద్దు

నీళ్లుంటే జనుము, జీలుగ మేలు. ఆరేడు వారాల్లో కలియదున్నుకోవచ్చు. వెంపలి మొదట్లో చాలా నెమ్మది. ఏడాదికి ఒక్క పంట పండి, మిగతా కాలం ఖాళీగా ఎండే చెలకకు ఇది. పశువులు పెద్దగా ముట్టవు కాబట్టి కంచె అవసరం తక్కువ. తమిళనాడు వరి రైతులు దీన్ని కొళింజి అంటరు. కోత తర్వాత ఖాళీ మడిలో పెంచి, తర్వాతి పంటకు ముందు దున్నేస్తరు. కొన్ని మొక్కలు కాయనిస్తే గింజ దానంతటదే రాలి, మళ్లీ ఏడు మొలుస్తుంది. ప్రతి ఏడూ కొనే పని ఉండదు. నాకు అన్నిటికన్నా నచ్చింది ఇదే.

జాగ్రత్తలు

సిటీ ప్లాట్ల నుంచి గింజ మాత్రమే తీసుకోండి. ఫ్యాక్టరీల పక్కన, మురుగు పారే చోట నేలలో ఏముందో తెలియదు. ఆ ఆకు తెచ్చి కూరగాయలకు మల్చింగ్ వేయొద్దు, కషాయం కాయొద్దు. వెంపలి జాతి మొక్కల్లో చేపలకు విషమయ్యే గుణం ఉంది, అందుకే చేపల చెరువులో, తొట్టిలో కడగొద్దు. వైద్యంలో వాడతరు కదా అని సొంతంగా రసం తాగొద్దు.

కాయ గోధుమ రంగుకు తిరగ్గానే పొద్దున్నే కోయండి. ఎండ ముదిరితే కాయ పగిలి, మెలి తిరిగి, గింజలు చిమ్ముతుంది. ప్లాటు ఓనర్‌నో వాచ్‌మన్‌నో అడిగే లోపలికి పోండి. ఈ వీడియోలో వాచ్‌మన్ అన్న నవ్విండు చూడండి: "ఎట్లైనా వచ్చే వారం జేసీబీ వస్తది, అంతా తీసుకపో."

అదే నా తొందర. ఈ మట్టి రేపు పునాదుల కింద పోతది. గింజ మన చెలకకు చేరితే మాత్రం మొక్క బతుకుతది. మీ ఊర్లో వెంపలి ఎక్కడుందో, మీరు ఎట్ల వాడుతున్నరో కింద రాయండి. మా చెలకలో ఈసారి ఎంత మొలిచిందో తొలకరి తర్వాత వీడియోలో చూపిస్త, మొలవకపోయినా చూపిస్త.